‘తెలుగు రాష్ట్రాల్లో’ అనకండి, ఊరి పేరు చెప్పండి: న్యూస్ ఎడిటర్లకు ఒక కర్రీ పాయింట్ నుంచి లేఖ

హైదరాబాద్‌లో ఉన్న తెలుగు న్యూస్ చానెళ్ల ఎడిటర్లకు, డెస్కులో కూర్చుని స్క్రోలింగులు రాసే తమ్ముళ్లకు, చెల్లెళ్లకు నమస్కారం.

నేను రామంతాపూర్‌లో కర్రీ పాయింట్ నడుపుతున్నాను. పదకొండేళ్లు అవుతోంది. మా తమ్ముడికి షాద్‌నగర్ అవతల ఒక పల్లెలో 5 వేల కోళ్లు పట్టే బ్రాయిలర్ షెడ్డు ఉంది. పుట్టింట్లో కోళ్లు పెంచుతారు, మెట్టినింట్లో నేను వండి అమ్ముతాను. కాబట్టి టీవీలో బర్డ్ ఫ్లూ అన్న మాట వినపడిన రోజు మాకు రెండు వైపులా దెబ్బ. మళ్లీ చలికాలం మొదలైంది. కొల్లేరుకు, పులికాట్‌కు వలస పక్షులు వచ్చే కాలం, ఆ జబ్బు ఎక్కువగా కనపడే కాలం. అది వచ్చి పడ్డాక రాస్తే చదివే తీరిక మీకు ఉండదు, రాసే ఓపిక నాకు ఉండదు. అందుకే ముందుగానే రాస్తున్నాను.

2025 ఫిబ్రవరి రెండో వారంలో మా కొట్లో జరిగింది చెబుతాను.

ఆ రోజు ఎప్పట్లాగే 10 కిలోల చికెన్ తెప్పించాను. మాఘమాసం, పెళ్లిళ్ల రోజులు. ఇళ్లకు చుట్టాలు వస్తారు, సాయంత్రం ఏడు దాటితే మా కౌంటర్ ముందు నిలబడే చోటుండదు. రోజూ వచ్చే కుర్రాడు ఒకడున్నాడు. గదిలో అన్నం వండుకుంటాడు, కూర మాత్రం నా దగ్గర తీసుకెళ్తాడు. వచ్చాడు, గోడకున్న టీవీ చూశాడు, తర్వాత కూర గిన్నె చూశాడు. "ఆంటీ, ఇవాళ చికెన్ వద్దులే. పప్పు, దొండకాయ వేపుడు ఇవ్వండి" అన్నాడు. "ఏమైంది నాన్నా?" అంటే, "టీవీలో చూపిస్తున్నారు కదా" అన్నాడు.

నేనూ తల తిప్పి చూశాను. జేసీబీ తవ్విన గోతిలోకి బస్తాల్లోంచి కోళ్లను కుమ్మరిస్తున్నారు. తెల్ల సూట్లు వేసుకున్న మనుషులు. కింద ఎర్ర పట్టీ మీద ‘తెలుగు రాష్ట్రాల్లో బర్డ్ ఫ్లూ కలకలం’. అవే బొమ్మలు తిరిగి తిరిగి వస్తున్నాయి. ఒకసారి వెనకాల గోడ మీద బోర్డు కనపడింది. దాని మీద అక్షరాలు తెలుగు కావు. ఎప్పటివో, ఏ రాష్ట్రంవో ఆ బొమ్మలు! ఆ పక్కన ఎక్కడా ‘పాత దృశ్యాలు’ అన్న మాట లేదు.

రాత్రి పదిన్నరకు షట్టర్ దించేటప్పుడు చికెన్ గిన్నె ముప్పాతిక వంతు అలాగే ఉంది. నూనె పైకి తేలి, చల్లారి, అంచుల్లో పేరుకుపోయింది. పక్క ఇస్త్రీ బండి ఆయనకు ఊరికే ఇస్తానన్నా, "వద్దమ్మా, పిల్లలున్న ఇల్లు" అన్నాడు. ఆయన్ని తప్పు పట్టను. ఇంట్లో మా అత్తమ్మే ముట్టలేదు. ఎల్లుండి ఒక సీమంతానికి 80 మందికి ఆర్డర్ ఉంది. వాళ్లు ఫోన్ చేసి చికెన్, గుడ్డు రెండూ తీసేయమన్నారు.

ఆ రోజుకి జబ్బు ఎక్కడ బయటపడింది? పశ్చిమ గోదావరి జిల్లా తణుకు మండలం వేల్పూరులో, తూర్పు గోదావరి జిల్లా పెరవలి మండలం కానూరు అగ్రహారంలో. మా కొట్టుకు దాదాపు 400 కిలోమీటర్లు. ఏపీ నుంచి కోళ్ల బళ్లు రాకుండా మన సరిహద్దులో చెక్‌పోస్టులు కూడా పెట్టారు. ఇవన్నీ మీ బులెటిన్లలోనే ఎక్కడో చెప్పారు, కాదనను. కానీ జనం బులెటిన్ మొత్తం కూర్చుని వినరు. కొట్టు ముందు రెండు నిమిషాలు నిలబడి ఎర్ర పట్టీ చదువుకుని పోతారు. ఆ పట్టీ మీద ‘తెలుగు రాష్ట్రాల్లో’ అని రాస్తే ఇచ్ఛాపురం నుంచి ఆదిలాబాద్ దాకా ప్రతి కోడికీ జబ్బు వచ్చినట్టే లెక్క. ‘వేల్పూరు, తణుకు మండలం’ అని రాయడానికి పట్టే జాగా అంతకంటే ఎక్కువేమీ కాదు కదా.

ఇక షెడ్డు సంగతి. ఇది మీకు సరిగ్గా చేరడం లేదనిపిస్తుంది, అందుకే కొంచెం వివరంగా రాస్తాను.

మా తమ్ముడిది ఇంటిగ్రేషన్ పద్ధతి. పిల్లలు, దాణా, మందులు కంపెనీవి. షెడ్డు, కరెంటు, నీళ్లు, ఊక, కూలి మావి. కోడి 40 రోజులకు అటూ ఇటుగా రెండు కిలోలకు వస్తుంది, కంపెనీ బండి వచ్చి ఎత్తుకుపోతుంది. కిలోకు ఇంత అని పెంపకం కూలి ఇస్తారు. తక్కువ దాణాతో ఎక్కువ బరువు తెస్తే కూలి పెరుగుతుంది, దాణా ఎక్కువ తింటే కోత పడుతుంది. ఆ బ్యాచ్ 41వ రోజున ఎత్తాలి. ఆ రోజు పొద్దున తమ్ముడు ఫోన్ చేశాడు. "అక్కా, బండి వస్తలేదు. పట్నంల అమ్మకాలు లేవంట, రెండు రోజులు ఆగుమంటున్నరు" అన్నాడు. రెండు రోజులు నాలుగయ్యాయి. నాలుగు ఆరయ్యాయి.

ఆదివారం నేనే బస్సెక్కి వెళ్లాను. షెడ్డు లోపలికి రానివ్వలేదు, "సిటీల కోళ్లు కోసిన చేతులు అక్కా, బయటినుంచే చూడు" అన్నాడు. వల లోంచి చూశాను. కింద ఊక కనపడడం లేదు, అంతా కోళ్లే. మూడు కిలోలకు దగ్గరపడ్డ కోళ్లు లేచి నడవలేక నీళ్ల గిన్నెల చుట్టూ నోళ్లు తెరుచుకుని రొప్పుతున్నాయి. ఫిబ్రవరి చివరి ఎండ రేకుల మీద దిగుతోంది. పరదాలు పైకి చుట్టేశారు, ఫ్యాన్లు తిరుగుతూనే ఉన్నాయి. వాడు ఒక చివర నుంచి నడుస్తూ చచ్చినవాటిని కాళ్లు పట్టి ఏరుతున్నాడు. అవి జబ్బుతో చావలేదు. బరువుకీ, ఎండకీ గుండె ఆగి పోయాయి. ఆ వయసు కోడి రోజుకు దాదాపు 200 గ్రాముల దాణా తింటుంది. 5 వేల కోళ్లంటే రోజుకు వెయ్యి కిలోలు, 20 బస్తాలు. ఆగిన ప్రతి రోజూ 20 బస్తాలు. కొట్లవాళ్లకు రెండు కిలోల కోడి కావాలి, మూడు కిలోలది వద్దంటారు. చివరికి 50వ రోజున ఎత్తారు. లెక్క చూస్తే కూలి సగం కూడా చేతికి రాలేదు. తర్వాతి బ్యాచ్ పిల్లలు ఎప్పుడిస్తారో చెప్పలేదు. ఖాళీ షెడ్డుకు కూడా బ్యాంకు కిస్తీ కట్టాలి.

ఆ షెడ్డుకు వేల్పూరుకు నాలుగు వందల యాభై కిలోమీటర్లు.

గుడ్ల ఫారాల వాళ్లది ఇంకా కష్టం. బ్రాయిలర్ రైతు ఒక బ్యాచ్ ఆపుకోగలడు. గుడ్డు పెట్టే కోడిని ఎవరాపుతారు? రేటు ఉన్నా లేకపోయినా తెల్లారితే గుడ్లు వస్తాయి, కోళ్లకు మేత వేయాలి. ఆ మేతలో సగానికి పైగా మొక్కజొన్న. కోడి అమ్మకం పడిపోతే ఆ దెబ్బ మొక్కజొన్న రైతు దాకా పోతుంది. గుడ్లు ఏరే ఆడవాళ్లు, కోళ్ల బండి డ్రైవర్లు, కొట్లో కోసే కుర్రాళ్లు, వీళ్లంతా రోజు కూలి మీద బతికేవాళ్లే.

కొనేవాళ్లకైనా ఏమన్నా కలిసొచ్చిందా అంటే అదీ లేదు. ఆ పది రోజులు మటన్, చేపల కోసం ఎగబడ్డారు, వాటి రేట్లు పెరిగాయి. అంతకన్నా పెద్ద దెబ్బ ఆలస్యంగా తగులుతుంది. ఇవాళ భయంతో చికెన్ మానేస్తే కంపెనీలు కొత్త పిల్లలను వేయడం తగ్గిస్తాయి. పిల్ల కోడి కావడానికి 40 రోజులు. అంటే రెండు నెలల తర్వాత సరుకు ఉండదు. 2020లో సరిగ్గా ఇదే అయింది. చికెన్ తింటే కరోనా వస్తుందని ఫిబ్రవరి, మార్చి నెలల్లో పుకారు పుట్టి రేటు నేలకు దిగింది. మే వచ్చేసరికి చికెన్ దొరకక రేటు ఆకాశానికి ఎక్కింది. నేను కూర ధర పెంచాల్సి వచ్చింది. పుకారు నమ్మి మానేసినవాళ్లే తర్వాత ఎక్కువ పెట్టి కొన్నారు.

ఆ 2020 ఫిబ్రవరి 28న నెక్లెస్ రోడ్డు పీపుల్స్ ప్లాజాలో చికెన్, గుడ్ల మేళా పెట్టారు, మంత్రులు స్టేజీ మీద చికెన్ తిన్నారు. మీరంతా లైవ్ ఇచ్చారు. మంచి ఉద్దేశంతోనే చేశారు. కానీ మంత్రి తినడం చూసి నా కొట్టు ముందు నిలబడ్డ తల్లికి ధైర్యం రాదు. ఆమె నన్ను అడిగే ప్రశ్నలు వేరు: "ఈ కోడి ఎక్కడిది? ఆ జబ్బు ఎక్కడుంది? ఎలా వండితే పోతుంది?" ఈ మూడింటికి జవాబు టీవీలో రావాలి.

ఇంతా రాస్తున్నది వార్త దాచమని కాదు. ఆ మాట గట్టిగా చెప్పాలనుకుంటున్నాను. ఇది నిజమైన జబ్బు, మనిషి ప్రాణం తీయగలదు. 2021లో హర్యానా నుంచి ఢిల్లీ ఎయిమ్స్‌కు తెచ్చిన పదకొండేళ్ల బాబు దీనితో చనిపోయాడు. 2025 మార్చిలో మన పల్నాడు జిల్లా నరసరావుపేటకు చెందిన రెండేళ్ల పాప చనిపోయింది. ఆ పాప పచ్చి కోడి మాంసం ముక్క తిన్నదని వార్తల్లో వచ్చింది. ఆ వార్త విన్న రోజు నేను కత్తిపీట దగ్గర కూర్చుని చాలాసేపు లేవలేకపోయాను. మా ఇంట్లోనూ చిన్నపిల్లలు వంటగదిలో తిరుగుతుంటారు. ఏదో ఒకటి నోట్లో పెట్టుకునే వయసు.

ఆ రోజు నుంచి నా వంటగదిలో కొన్ని మారాయి. చికెన్ కడిగే పళ్లెం, కోసే చెక్క విడిగా పెట్టాను, వాటి దగ్గర కూరగాయలు పెట్టను. మాంసాన్ని కుళాయి కింద పెట్టి చుట్టూ తుంపర్లు పడేలా కడగను. పచ్చి మాంసం ముట్టిన చేయి సబ్బుతో కడిగాకే ఉప్పు డబ్బా ముట్టుకుంటాను. పిల్లలను ఆ సమయంలో లోపలికి రానివ్వను. గుడ్డు పూర్తిగా ఉడికిందే ఇస్తాను, హాఫ్ బాయిల్ అడిగితే లేదంటాను. పచ్చి గుడ్డు పాలలో కలుపుకుని తాగే జిమ్ పిల్లలకు కూడా మానేయమని చెప్పాను. ముక్క లోపలి దాకా 70 డిగ్రీల వేడి తగిలితే ఈ వైరస్ చచ్చిపోతుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. మన కూర కుతకుత ఉడికేది దగ్గర దగ్గర వంద డిగ్రీల్లో. ముక్క మధ్యలో ఎరుపు లేకుండా ఉడికిస్తే తినేవాళ్లకు భయం లేదు. అసలు జాగ్రత్త పడాల్సింది జబ్బు కోళ్లను, వాటి రెట్టను ముట్టుకునేవాళ్లు: ఫారంలో పనివాళ్లు, కోళ్లు ఎత్తే కుర్రాళ్లు, కోసేవాళ్లు. వాళ్లకు మాస్కు, గ్లవుజులు ఉన్నాయా అని మీ రిపోర్టరు ఒక్కసారి అడిగితే ఎంత బాగుండేది!

పైన రాసినదంతా చెప్పడానికి టీవీలో ఒకటిన్నర నిమిషం చాలు. గోతిలో కోళ్లను చూపించే సమయంలో ఇది చూపించండి.

‘కలకలం’ అన్న మాట గురించి కూడా చెప్పాలి. ఏ కోళ్ల వార్తకైనా ఆ మాట ఉండాల్సిందే. 2006లో మహారాష్ట్ర నవాపూర్‌లో మొదటిసారి వచ్చినప్పుడు కలకలం. 2015లో మన హయత్‌నగర్ మండలం తొర్రూరులో వచ్చినప్పుడు కలకలం. 2024లో నెల్లూరు జిల్లాలో వచ్చినప్పుడు కలకలం. 2022లో ఆవులకు లంపీ స్కిన్ వస్తే, అది మనుషులకు రాని జబ్బైనా, పాలు తాగొచ్చా లేదా అని మళ్లీ కలకలం. దూరమైనా దగ్గరైనా, మనిషికి సోకేదైనా సోకనిదైనా మాట ఒక్కటే. దీనివల్ల ఏమైందో నా కళ్లతో చూశాను. 2025 ఫిబ్రవరి చివర్లో చౌటుప్పల్ మండలం నేలపట్లలో జబ్బు బయటపడింది. ఆ తర్వాత ఏప్రిల్‌లో అబ్దుల్లాపూర్‌మెట్ మండలం బాటసింగారం వైపు కూడా వచ్చింది. అది మా కొట్టుకు గంట ప్రయాణం. నిజంగా జాగ్రత్తగా ఉండాల్సింది అప్పుడు. అప్పుడు నన్ను ఒక్కరు కూడా "ఈ కోడి ఎక్కడిది?" అని అడగలేదు. నాలుగు వందల కిలోమీటర్ల అవతల ఉన్నప్పుడే జనం భయపడి భయపడి విసిగిపోయారు. పక్కన వచ్చేసరికి పట్టించుకోవడం మానేశారు.

కాబట్టి నేను అడిగేది ఇది. ఊరు, మండలం పేరు ముందు పెట్టండి, పెద్ద అక్షరాల్లో. ఒక ఫారంలో జబ్బు తేలితే చుట్టూ కిలోమీటరు వరకు కోళ్లను చంపి పూడుస్తారు, పది కిలోమీటర్ల వరకు నిఘా పెడతారు. ఈ రెండు గీతలు మ్యాపు మీద గీసి చూపించండి. మీ దగ్గర ఎన్నికలప్పుడు నియోజకవర్గం నియోజకవర్గానికీ రంగులు వేసే మ్యాపులు ఉన్నాయి. ఇంట్లో కూర్చున్న మనిషికి తన ఊరు ఆ గీత లోపలుందో బయటుందో తెలిస్తే సగం టెన్షన్ పోతుంది. లోపలుంటే ఎలా ఉండాలో కూడా తెలుస్తుంది.

రిపోర్టు వచ్చిందా రాలేదా అన్నది స్పష్టంగా చెప్పండి. కోళ్లు ఒక్కసారిగా చచ్చిపోతే అది బర్డ్ ఫ్లూనే కానక్కర్లేదు. కొక్కెర తెగులుకూ అలాగే చస్తాయి, ఎండదెబ్బకూ చస్తాయి. శాంపిల్ భోపాల్‌లోని హై సెక్యూరిటీ ల్యాబుకు వెళ్లి రావాలి, అప్పుడే ఖాయం. మధ్యలో ఆ రెండు మూడు రోజులు ‘అనుమానం, రిపోర్టు రావాలి’ అని రాయండి. రిపోర్టులో బర్డ్ ఫ్లూ కాదని వస్తే, మొదటి వార్త వేసినంత పెద్దగా ఆ వార్తా వేయండి. ఆ రెండో వార్త నేను ఇప్పటిదాకా ఏ చానెల్లోనూ ఎర్ర పట్టీ మీద చూడలేదు. నిఘా ఎత్తేసిన రోజు కూడా చెప్పండి. మొదలైందని అందరికీ చెప్పి, అయిపోయిందని ఎవరికీ చెప్పకపోతే రైతు ఎప్పటికీ అనుమానంలోనే ఉండిపోతాడు.

పాత బొమ్మలు వాడితే పాతవని, ఏ ఏడాదివో రాయండి.

ఇంకో వార్త ఉంది, మీరు వేయాల్సింది. జబ్బు తేలాక ప్రభుత్వం చంపించిన కోళ్లకు పరిహారం ఉంటుంది. అంతకు ముందే జబ్బుతో చచ్చిపోయినవాటికి ఉండదు. రైతు మొదటి రోజే ఫోన్ చేసి చెబితే చచ్చినవి పోగా మిగిలినవన్నీ చంపేస్తారు, షెడ్డు నెలల తరబడి ఖాళీ, టీవీలో ఊరి పేరు. చెప్పకపోతే? ఇక్కడే కొందరు తప్పు చేస్తున్నారు. చచ్చిన కోళ్లను రాత్రిపూట కాలువల్లో, రోడ్డు పక్కన పడేశారన్న వార్తలు మీరే వేశారు. అది ఘోరమైన పని, నేను సమర్థించను. కానీ మొదటి రోజే నిజం చెప్పిన రైతుకు, అప్పటికే చచ్చిన కోళ్లతో సహా లెక్కగట్టి, వెంటనే డబ్బు చేతికి వస్తుందంటే ఎవరు దాస్తారు? ఈ ప్రశ్న మంత్రిని అడగండి, అధికారులను అడగండి. స్టూడియోకి పిలిచి కూర్చోబెట్టి అడగండి. ఇంటిగ్రేషన్ రైతు సొంత కోడి కాదు కాబట్టి ఆ పరిహారంలో అతని వాటా ఎంత, కంపెనీ వాటా ఎంత అని కూడా అడగండి. మా తమ్ముడి లాంటివాళ్లు అడిగితే ఆ ప్రశ్న మండలం ఆఫీసు దాటి పోదు. మీరు అడిగితే సచివాలయం దాకా పోతుంది.

చివరగా కెమెరా పట్టుకుని తిరిగే మీ పిల్లలకు ఒక మాట చెప్పండి. ఈ వైరస్ గాలిలో ఎగిరి ఊళ్లు దాటడం కంటే చెప్పులకు, బండి టైర్లకు, గుడ్ల ట్రేలకు అంటుకుని దాటడం ఎక్కువ. ఒక ఫారంలో షూటింగ్ చేసి, అదే చెప్పులతో ఇంకో ఫారంలోకి వెళ్తే జబ్బును మనమే మోసుకెళ్లినట్టు. విజువల్స్ గేటు బయటినుంచి తీసుకోండి. లోపల దృశ్యాలు కావాలంటే రైతునే ఫోన్‌లో తీసి పంపమనండి.

మా తమ్ముడికి వచ్చే వారం కొత్త బ్యాచ్ పిల్లలు వస్తున్నాయి. షెడ్డు కడిగి, సున్నం కొట్టి, కొత్త ఊక పరిచి, గేటు ముందు చిన్న తొట్టిలో బ్లీచింగ్ నీళ్లు పెట్టాడు. మీవాళ్లు ఎవరైనా అటువైపు వస్తే వాడు గేటు దగ్గరే ఆపుతాడు, తప్పుగా అనుకోకండి. నన్నే ఆపాడు. బయట వేపచెట్టు కింద మంచం వేసి, టీ ఇచ్చి, ఎంతసేపు అడిగినా చెబుతాడు.

ఇట్లు,
రామంతాపూర్‌లో కర్రీ పాయింట్ నడుపుకునే ఒక గృహిణి